ఆర్డీఓ పవర్ పోయింది, మరి మా అమ్మ అప్పీలు?

ప్రశ్న: సార్, మాది వరంగల్ దగ్గర పల్లె. నేను హన్మకొండలో ఒక ప్రైవేటు స్కూల్లో టీచర్‌ని. మా తాత పేరు మీద 3 ఎకరాల 10 గుంటల భూమి ఉండేది. తాత పోయాక, 2017లో భూ రికార్డుల ప్రక్షాళన జరిగినప్పుడు విరాసత్ (వారసత్వ మార్పు) మొత్తం మా మేనమామ ఒక్కడి పేరు మీదే చేశారు. అమ్మకు నోటీసు కూడా రాలేదు. 2018లో అమ్మ ఆర్డీఓ దగ్గర అప్పీలు వేసింది. 2020 ఫిబ్రవరిలో వాదనలు అయిపోయి ఆర్డర్‌కు పెట్టారు. అంతలో కరోనా, ఆ తర్వాత కొత్త చట్టం వచ్చాయి. మా మండలం కూడా జిల్లా మారింది. ఇప్పుడు ఆర్డీఓ ఆఫీసుకు పోతే ‘ఫైళ్లన్నీ 2021లోనే పైకి పంపినం, మాకు పవర్ లేదు’ అంటున్నారు. కలెక్టరేట్‌లో ‘మాకు రాలేదు, పాత జిల్లాలో అడగండి’ అంటున్నారు. ఒకాయన కొత్తగా అప్పీలు వేసుకోమన్నాడు. ఇంకొకాయనైతే ‘అప్పటి సార్‌తో పాత తేదీ వేయించి ఆర్డర్ తెప్పిస్తా, నలభై వేలు అవుతది’ అంటున్నాడు. మామ భూమిని అమ్మకానికి పెట్టాడని ఊళ్లో చెప్పుకుంటున్నారు. అమ్మకు 67 ఏళ్లు, టెన్షన్‌తో నిద్రపోవడం లేదు. మా అప్పీలు ఇంకా ఉన్నట్టా, పోయినట్టా?

సమాధానం: అమ్మా, మీ ఉత్తరంలో రాసిన ఆఫీసుల పేర్లు తీసేసి వేశాను. ముందుగా ఆ నలభై వేల సంగతి తేల్చుకుందాం, ఎందుకంటే అది ఈ వారంలోనే జరిగిపోయే ప్రమాదం ఉంది. ఇవ్వకండి. పవర్ లేని అధికారి ఇచ్చిన ఆర్డర్ వట్టి కాగితమే, దేనికీ పనికిరాదు. 1954లో కిరణ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఈ మాట గట్టిగా చెప్పింది: అధికార పరిధి లేకుండా ఇచ్చిన తీర్పు మొదటి నుంచీ చెల్లదు, దాన్ని ఎప్పుడు, ఎక్కడ అమలు చేయబోయినా అడ్డుకోవచ్చు, ఇరుపక్షాలూ ఒప్పుకున్నంత మాత్రాన లేని పరిధి రాదు. పైగా పాత తేదీ వేయించడం పరిధి సమస్యతో ఆగదు, అది దొంగ కాగితం సృష్టించడం. రేపు మీ మామ తరఫు వకీలు ఒక్క రిజిస్టర్ తెప్పించి, ఆ తేదీన అలాంటి ఆర్డర్ బయటికి వెళ్లలేదని చూపిస్తే, ఇన్నేళ్లు న్యాయంగా నిలబడిన మీ అమ్మ నిందితురాలవుతుంది. అడిగిన మనిషి మళ్లీ ఫోన్ చేస్తే అవినీతి నిరోధక శాఖ (ఏసీబీ) టోల్ ఫ్రీ నంబరు 1064 ఉంది. నేను మీ స్థానంలో ఉంటే ఫోన్ చేసేవాణ్ని.

ఇక అసలు ప్రశ్న. అధికారి పవర్ పోయినంత మాత్రాన అప్పీలు పోదు. మీ అమ్మ అప్పీలు వేసింది ఫలానా సార్‌కు కాదు, చట్టం ఆ రోజు చూపించిన స్థానానికి. ఆ స్థానం మారితే అప్పీలు కొత్త స్థానానికి వెళ్లాలి.

దీనికి మన తెలుగు నేల మీద పుట్టిన కేసే పెద్ద ఆధారం. 1949 ఏప్రిల్‌లో బాపట్ల కోర్టులో ఒక దావా పడింది. విలువ సుమారు 11,400 రూపాయలు. దావా వేసిన రోజున ఉన్న చట్టం ప్రకారం 10,000 రూపాయల పైబడిన కేసును ఢిల్లీలోని ఫెడరల్ కోర్టు దాకా తీసుకెళ్లే హక్కు ఉండేది. దావా నడుస్తుండగానే దేశం రిపబ్లిక్ అయింది. ఫెడరల్ కోర్టు లేకుండా పోయి, దాని చోట సుప్రీంకోర్టు వచ్చింది. రాజ్యాంగంలో ఆ మొత్తాన్ని 20,000 చేశారు. 1955లో హైకోర్టు తీర్పు వచ్చాక ఓడినవాళ్లు ఢిల్లీకి వెళ్లబోతే, ‘మీ కేసు 20,000కు చాలదు, మీరు వెళ్లాల్సిన కోర్టు కూడా ఇప్పుడు లేదు’ అన్న అడ్డు వచ్చింది. గరికపాటి వీరయ్య కేసుగా పేరుపడ్డ ఈ వివాదంలో 1957లో సుప్రీంకోర్టు మెజారిటీ తీర్పు ఏమందంటే, అప్పీలు హక్కు దావా వేసిన రోజే మనిషికి దక్కుతుంది. తర్వాత వచ్చిన చట్టం స్పష్టంగా తీసేస్తే తప్ప అది పోదు. పాత కోర్టు పోయి కొత్తది వస్తే, ఆ హక్కు కొత్త కోర్టులో వాడుకోవచ్చు. ఒక దేశపు అత్యున్నత కోర్టే మారిపోయినా చావని హక్కు, ఒక డివిజన్ ఆఫీసు నుంచి పవర్ ఇంకో ఆఫీసుకు వెళ్తే ఎందుకు చస్తుందమ్మా?

అయితే ఇందులో ఒక మెలిక ఉంది, అది మీరు గట్టిగా గుర్తుపెట్టుకోవాలి. అప్పీలు చేసే హక్కు మీది. ఫలానా అధికారే వినాలి అనే హక్కు మాత్రం మామూలుగా ఎవరికీ ఉండదు. ఎవరు వినాలో చెప్పేది విధానానికి సంబంధించిన నియమం, దాన్ని ప్రభుత్వం చట్టంతో మార్చవచ్చు. కాబట్టి ‘మా వాదనలు ఆర్డీఓ విన్నారు, ఆయనే ఆర్డర్ ఇవ్వాలి’ అని పట్టుబడితే మీకు ఇంకో రెండేళ్లు వృథా అవుతాయి. ఆయన స్థానం నుంచి ఆ పవర్ వెళ్లిపోయింది.

ఎక్కడికి వెళ్లిందో చూద్దాం. మీ అప్పీలు 1971 నాటి ఆర్‌ఓఆర్ (భూమి హక్కుల రికార్డుల) చట్టం కింద వేసింది. ఆ చట్టంలో తహసీల్దార్ చేసిన మార్పు మీద 60 రోజుల్లో ఆర్డీఓ దగ్గర అప్పీలు, దాని పైన జాయింట్ కలెక్టర్ దగ్గర రివిజన్ ఉండేవి. 2020 ఫిబ్రవరిలో జాయింట్ కలెక్టర్ పోస్టులు పోయి అడిషనల్ కలెక్టర్లు వచ్చారు. 2020 అక్టోబరు 29న కొత్త భూమి హక్కులు, పాస్‌పుస్తకాల చట్టం అమల్లోకి వచ్చి 1971 చట్టం రద్దయింది. మనం ధరణి చట్టం అని పిలిచేది ఇదే. పాత చట్టం కింద తహసీల్దార్, ఆర్డీఓ, జాయింట్ కలెక్టర్ దగ్గర ఆగి ఉన్న కేసులను ప్రత్యేక ట్రిబ్యునళ్లకు బదిలీ చేయాలని ఆ చట్టంలోనే రాశారు. 2021 జనవరిలో ప్రతి జిల్లాకూ కలెక్టర్ ఆధ్వర్యంలో ట్రిబ్యునల్ వేశారు. రాష్ట్రమంతటా దాదాపు 16 వేల కేసులు అలా మారాయి. అంటే ఆర్డీఓ ఆఫీసువాళ్లు ‘పైకి పంపినం, మాకు పవర్ లేదు’ అన్నది అబద్ధమేమీ కాదు. సమస్య అంతా ఆ తర్వాత ఏం జరిగిందన్న దాని దగ్గరే ఉంది.

ఆ ట్రిబ్యునళ్లు చాలా వేగంగా పనిచేశాయి. ఎంత వేగమంటే, మాకు నోటీసే రాలేదు, మా మాట వినకుండానే కేసు మూసేశారు అంటూ జనం హైకోర్టుకు వెళ్లారు. పక్షాలకు విచారణ అవకాశం ఇవ్వాల్సిందేనని 2021లోనే హైకోర్టు చెప్పింది. ఇది నేను ఊరికే చరిత్రగా చెప్పడం లేదు. మీ ఫైలు ఇప్పుడు రెండు స్థితుల్లో ఏదో ఒకదానిలో ఉండి ఉంటుంది. ఒకటి, మీకు తెలియకుండానే 2021లో ట్రిబ్యునల్ ఆర్డర్ పాస్ చేసి మూసేసి ఉండాలి. రెండు, ఆర్డర్ లేకుండా ఏదో బీరువాలో కట్టగా ఉండిపోయి ఉండాలి. ఈ రెండింటిలో ఏదో తేలేదాకా ఏ వకీలూ మీకు సరైన దారి చూపించలేడు. మొదటి పని అదే.

దాని మీద జిల్లాల గొడవ కూడా పడింది. 2016 అక్టోబరు 11న ఉమ్మడి వరంగల్ విడిపోయింది, 2019 ఫిబ్రవరిలో ములుగు వేరే జిల్లా అయింది. 2021 ఆగస్టులో వరంగల్ అర్బన్ హనుమకొండగా, రూరల్ వరంగల్‌గా పేర్లు మారాయి. అదే ఊపులో పరకాల, నడికూడ, దామెర వంటి మండలాలు హనుమకొండ జిల్లాలోకి వచ్చాయి, వరంగల్, ఖిలా వరంగల్ మండలాలు వరంగల్ జిల్లాలోకి వెళ్లాయి. తేదీలు గమనించండి. ట్రిబ్యునళ్లు వేసింది జనవరిలో, మండలాలు మారింది ఆగస్టులో. అలా మారిన మండలం మీదైతే, మీ ఫైలు మొదట పాత జిల్లా ట్రిబ్యునల్‌కు వెళ్లి ఉంటుంది. ‘పాత జిల్లాలో అడగండి’ అన్నవాళ్ల మాటలో కొంత నిజం ఉండవచ్చు. కానీ ఆ మాట నోటితో చెప్పి మిమ్మల్ని బస్సెక్కించడం కాదు, కాగితం మీద రాసి ఇవ్వాలి. సమాచార హక్కు చట్టం ఆ పని చేయిస్తుంది.

ఎలా అడగాలో చెబుతాను. కొత్త జిల్లా కలెక్టరేట్ పౌర సమాచార అధికారికి ఒక్క దరఖాస్తు పెట్టండి, ఫీజు 10 రూపాయలు. ‘మా అప్పీలు ఏమైంది’ అని అడగకండి, దానికి ‘పరిశీలనలో ఉంది’ అని ఒక్క ముక్కలో జవాబొస్తుంది. అప్పీలు నంబరు, సంవత్సరం, సర్వే నంబరు, ఇరుపక్షాల పేర్లు రాసి, ఆర్డీఓ ఆఫీసు నుంచి ప్రత్యేక ట్రిబ్యునల్‌కు పంపిన కేసుల జాబితాలో ఈ కేసు ఉన్న పేజీ నకలు, ఆ జాబితా అందుకున్నట్టు చేసిన సంతకం నకలు, ట్రిబ్యునల్ ఈ కేసులో జారీ చేసిన నోటీసులు, అవి అందిన రుజువు, ఏదైనా ఆర్డర్ ఉంటే దాని నకలు, మండలం జిల్లా మారినప్పుడు అప్పగించిన ఫైళ్ల జాబితాలో ఈ కేసున్న పేజీ, ఇవన్నీ విడివిడిగా అడగండి. ఆ సమాచారం ఇంకో ఆఫీసులో ఉంటే మీ దరఖాస్తును 5 రోజుల్లో వాళ్లే అక్కడికి పంపాలని సమాచార హక్కు చట్టం సెక్షన్ 6(3) చెబుతోంది. మీరు రెండు జిల్లాల మధ్య తిరగనక్కర్లేదు, కాగితమే తిరుగుతుంది. 30 రోజుల్లో జవాబు రాకపోతే అదే ఆఫీసులో పై అధికారికి మొదటి అప్పీలు వేయండి.

దాంతోపాటే, జవాబు కోసం ఆగకుండా, సోమవారం ప్రజావాణిలో కలెక్టర్ పేరు మీద ఒక అర్జీ ఇవ్వండి. అందులో కథ వద్దు. మా అప్పీలు ఫలానా, ఇన్నేళ్లుగా పెండింగ్, పవర్లు మారినందున ఇప్పుడు దీన్ని వినాల్సిన అధికారి ఎవరో రాతపూర్వకంగా తెలపండి, ఫైలును ఆ అధికారికి చేర్చి మాకు నోటీసిచ్చి విచారణ తేదీ వేయండి, అని నాలుగు వాక్యాలు చాలు. రసీదు తీసుకోకుండా రావద్దు. రేపు హైకోర్టుకు వెళ్లాల్సి వస్తే ‘మేం అడిగాం, వాళ్లు స్పందించలేదు’ అని చూపించేది ఆ రసీదే. చాలామంది ఇదే మెట్టు దాటేసి నేరుగా హైకోర్టులో రిట్ (అధికారులకు ఆదేశం ఇవ్వమని కోరే పిటిషన్) వేస్తారు, అక్కడ మొదటి ప్రశ్న ‘అర్జీ ఇచ్చారా’ అనే వస్తుంది.

ఆర్డర్ లేదని తేలిందనుకోండి. అప్పుడు మీ అప్పీలు సజీవంగా ఉన్నట్టే. 2025 ఏప్రిల్ 14 నుంచి భూభారతి చట్టం అమల్లోకి వచ్చి ధరణి చట్టం కూడా రద్దయింది కదా, మరి ట్రిబ్యునల్ ఏది అని ఎవరైనా అడుగుతారు. చట్టం రద్దయినా, దాని కింద అప్పటికే మొదలైన హక్కులు, విచారణలు మామూలుగా నిలుస్తాయి, కొత్త చట్టం వద్దని చెబితే తప్ప. జనరల్ క్లాజుల చట్టాల్లో ఉన్న మూల సూత్రం ఇది. అర్జీకి స్పందన లేకపోతే హైకోర్టులో రిట్ వేసి, ఫలానా గడువులోగా విచారించి తేల్చమని ఆదేశం తెచ్చుకోవచ్చు. ఇలాంటి రిట్లు మన హైకోర్టుకు కొత్త కాదు.

విచారణ మళ్లీ మొదలైతే ఒక విషయంలో మెత్తబడొద్దు. ‘వాదనలు 2020లోనే అయిపోయాయిగా, ఫైలు చూసి ఆర్డర్ రాసేస్తాం’ అంటే ఒప్పుకోవద్దు. మేము మళ్లీ వాదన వినిపిస్తాం అని రాసివ్వండి. గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసని ఒకటుంది, అదీ తెలుగువాళ్లదే. కృష్ణా జిల్లా బస్సు రూట్లను ఆర్టీసీకి ఇచ్చేటప్పుడు ప్రైవేటు బస్సు యజమానుల అభ్యంతరాలను శాఖ కార్యదర్శి విన్నారు, ఆర్డర్ మాత్రం రవాణా శాఖ చూస్తున్న ముఖ్యమంత్రి ఇచ్చారు. ఒకరు విని ఇంకొకరు తేలిస్తే విచారణ వట్టి తంతు అవుతుందని 1958 చివర్లో సుప్రీంకోర్టు ఆ ఆర్డర్‌ను కొట్టేసింది. సాక్ష్యాలు, దాఖలైన కాగితాలు ఫైలులో ఉన్నవి ఉన్నట్టే పనికొస్తాయి, అవి మళ్లీ పెట్టక్కర్లేదు. వాదన మాత్రం తీర్పు రాసే మనిషి చెవిన పడాలి. ఇంకొకటి, 2017లో విరాసత్ చేసిన తహసీల్దారే ప్రమోషన్ మీద ఇప్పుడు మీ అప్పీలు వినే స్థానంలో ఉంటే, మొదటి పేషీలోనే అభ్యంతరం రాసివ్వండి. తన ఆర్డర్ మీద తానే అప్పీలు వినడం కుదరదు.

అలా కాక, 2021లోనే ఆర్డర్ అయిపోయిందని తేలితే కంగారు పడొద్దు. నోటీసు అందిన రుజువు ఫైలులో లేకపోతే అదే మీకు పెద్ద బలం. ధరణి చట్టంలో ట్రిబ్యునల్ ఆర్డర్ మీద ఇంకో అప్పీలు పెట్టలేదు, అందుకే జనం రిట్ దారిలో వెళ్లారు. భూభారతిలో అప్పీలు, రివిజన్ మళ్లీ వచ్చాయి. మీ ఆర్డర్‌కు ఏ దారి సరిపోతుందో సర్టిఫైడ్ నకలు చేతిలో పెట్టుకుని వకీలుతో తేల్చుకోండి. నకలు అందిన రోజును డైరీలో రాసుకోండి, ఆ తర్వాత ఒక్క నెల కూడా జాగు చేయొద్దు. ఆర్డర్ సంగతి తెలియక ముందు అయిన ఆలస్యానికి కారణం చెప్పుకోవచ్చు, తెలిశాక చేసిన ఆలస్యానికి చెప్పుకోలేం.

కొత్తగా అప్పీలు వేసుకోమన్న ఆయన మంచి మనసుతోనే చెప్పి ఉంటారు. కానీ ఫైలు ఏమైందో తేలకముందు ఆ పని చేయకండి. 2018లో అప్పీలు వేసిన తేదీ మీ ఆస్తి. కొత్తది వేస్తే ‘2017 ఆర్డర్ మీద ఇన్నేళ్లకా’ అన్న మాటతోనే మొదలవుతుంది, పైగా పాతదాన్ని మీరే వదిలేసుకున్నారని మీ మామ వకీలు అంటాడు. భూ సమస్యల మీద ఊళ్లో పెట్టే రెవెన్యూ సదస్సులో ఇచ్చిన దరఖాస్తు కూడా అప్పీలుకు బదులు కాదు. మీరు అక్కడ ఇచ్చి ఉంటే ఆ రసీదు దాచుకోండి, అంతవరకే.

ఇక మీరు ఉత్తరం చివర్లో ఒక్క ముక్కలో రాసి వదిలేసిన విషయం నన్ను ఎక్కువ కలవరపెడుతోంది. మామ భూమి అమ్మబోతున్నాడు. రెవెన్యూ అప్పీలు పెండింగ్‌లో ఉన్నంత మాత్రాన అమ్మకం ఆగదు. పాస్‌బుక్ ఆయన పేరు మీద ఉంది, స్లాట్ బుక్ చేసుకుని తహసీల్ ఆఫీసుకు వెళ్తే రిజిస్ట్రేషన్ అయిపోతుంది. అప్పీలులో గెలిచినా మీకు దక్కేది రికార్డులో పేరు. వాటా ఎంత, భూమి ఎవరిది అన్నది తేల్చేది సివిల్ కోర్టు. తాత వీలునామా రాయకుండా పోయి ఉంటే కొడుకుతో సమానంగా కూతురికీ వాటా ఉంటుంది. కాబట్టి భాగపంపకం దావా వేసి, అమ్మకుండా ఇంజంక్షన్ అడగండి. దావా పడ్డాక ఆయన అమ్మినా, కొన్నవాడు ఆ దావా ఫలితానికి కట్టుబడాల్సిందే. అది ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 52 ఇచ్చే రక్షణ. ఈ దావాకు అప్పీలు తేలేదాకా ఆగక్కర్లేదు, రెండూ వేర్వేరు దారులు. నిజం చెప్పాలంటే, 2018లోనే ఎవరైనా మీ అమ్మకు ఈ మాట చెప్పి ఉండాల్సింది.

వకీలు ఫీజు గురించి మీరు అడగలేదు గానీ, ప్రైవేటు స్కూలు జీతం ఎంతో నాకు తెలుసు. న్యాయసేవల చట్టం ప్రకారం ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. మీ జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. మీ అమ్మగారి ఆధార్, అప్పీలు కాగితాలు పట్టుకుని ఇద్దరూ కలిసి వెళ్లండి, దరఖాస్తు అమ్మ పేరు మీదే ఉండాలి.

వెళ్లేముందు ఇంట్లో వెతకండి. 2018లో అప్పీలు వేసినప్పుడు ఇచ్చిన కాపీ మీద ఆఫీసు ముద్ర, తేదీ ఉన్న పేజీ ఉంటుంది. పేషీ తేదీలు రాసిచ్చిన చీటీలు, అప్పటి వకీలు ఫోన్ నంబరు, 2017కు ముందరి పహాణీలు, తాత మరణ ధృవీకరణ పత్రం ఉంటే తీసి పెట్టండి. వకీలు దగ్గర కూడా ఒక సెట్టు ఉండి ఉంటుంది, అడిగి తీసుకోండి. అన్నిటికీ ఫొటోలు తీసి ఇద్దరి ఫోన్లలో పెట్టుకోండి. ముద్ర ఉన్న ఆ పేజీని మాత్రం లామినేషన్ చేయించకండి, కోర్టులో అసలు కాగితం అడుగుతారు. సమాచార హక్కు జవాబు వచ్చిన రోజున దాని కాపీ నాకు పంపండి, తర్వాతి అడుగు అది చూసి రాస్తాను.